సెక్యూరిటీ గార్డు లైసెన్సు ఎవరు తీసుకోవాలి?

(బుచ్చిరెడ్డిపాలెంలో గిరిజన యువత ముందు చేసిన ప్రసంగ పాఠం. మాట్లాడిన తీరు అట్లాగే ఉంచి, చదవడానికి వీలుగా కొద్దిగా సర్దాం.)



ఈరోజు నేను పెద్ద పెద్ద విషయాలు మాట్లాడను. ఒక్క ఉద్యోగం గురించే మాట్లాడతా. సెక్యూరిటీ గార్డు ఉద్యోగం. మన కాలనీల్లో పది తప్పినోళ్లకీ, ఇంటర్ మధ్యలో ఆపేసినోళ్లకీ ముందుగా కనపడే నెల జీతం పని ఇదే. నెల్లూరులో ఆసుపత్రులు, కాలేజీలు, అపార్ట్‌మెంట్లు. ముత్తుకూరు వైపు పోతే కృష్ణపట్నం పోర్టు, కరెంటు ప్లాంట్లు. ఇక్కడ ముంబై రోడ్డు పొడుగునా మిల్లులు, గోడౌన్లు. ప్రతి గేటు దగ్గరా ఒక కుర్చీ, ఒక రిజిస్టరు, ఒక మనిషి. ఆ మనిషి మనవాడు ఎందుకు కాకూడదు?

ఈ మాట అడిగితే మన పిల్లోళ్ల దగ్గర్నుంచి వచ్చే మొదటి ప్రశ్న ఒకటే. "అన్నా, దానికి లైసెన్సు కావాలంట గదా, ఎంత అవుద్ది?" ఈ ప్రశ్నలోనే దళారికి బతుకుంది. గార్డు లైసెన్సు ఇప్పిస్తానని వేలకు వేలు అడిగేవాడు ఈ ప్రశ్న కోసమే కాచుకోని ఉంటాడు. అందుకని ముందు దానికే జవాబు చెప్తా. ఇది గుర్తుంటే మిగతాదంతా మర్చిపోయినా నష్టం లేదు.

మన దేశంలో మామూలు సెక్యూరిటీ గార్డు తన పేరు మీద లైసెన్సు తీసుకోవాల్సిన పని లేదు. లైసెన్సు తీసుకోవాల్సింది ఏజెన్సీ.

మనకు ఏజెన్సీ అంటే అడవి ప్రాంతం గుర్తొస్తుంది, పాడేరో రంపచోడవరమో. ఇక్కడ ఏజెన్సీ అంటే గార్డుల్ని పనికి పంపే కంపెనీ. 2005లో పార్లమెంటు ప్రైవేటు సెక్యూరిటీ ఏజెన్సీల నియంత్రణ చట్టం చేసింది. పొట్టిగా పసారా అంటారు. 2006 మార్చి 15 నుంచి అమల్లోకి వచ్చింది. దాని 4వ సెక్షన్ ప్రకారం లైసెన్సు లేకుండా ఎవరూ ఈ వ్యాపారం చేయకూడదు. చేస్తే ఏడాది దాకా జైలు, లేదా 25 వేల దాకా జరిమానా, లేదా రెండూ. ఆ లైసెన్సు ఐదేళ్లకు ఒకసారి రెన్యువల్ చేయించుకోవాలి. అది తీసుకునే ఖర్చూ, దాని కోసం తిరిగే తిప్పలూ యజమానివి. నీవి కాదు.

ఈ గందరగోళం ఎక్కడ్నుంచి వచ్చిందంటే, కొన్ని దేశాల్లో పద్ధతి వేరు. బ్రిటన్‌లో 2001లో చేసిన చట్టం ప్రకారం కాంట్రాక్టు మీద పనిచేసే గార్డు తన పేరు మీదే లైసెన్సు తీసుకోవాలి, మూడేళ్లకోసారి మళ్లీ కట్టాలి. అక్కడ చదువుకుంటా పార్ట్‌టైమ్ గార్డు పని చేసే మన తెలుగు విద్యార్థులు "సెక్యూరిటీ లైసెన్సు ఎట్లా తీసుకోవాలి" అని వీడియోలు పెడుతుంటారు. ఆ వీడియో ఇక్కడ మన ఫోనుల్లో తిరుగుద్ది. అది చూసి మనమూ లైసెన్సు కోసం వెతుకుతాం. తుపాకీతో కాపలా కాసేవాళ్ల ఆయుధ లైసెన్సు సంగతి వేరు, అది ఆయుధాల చట్టం కిందకి వస్తుంది. గేటు దగ్గర నిలబడే మామూలు గార్డుకు దానితో సంబంధం లేదు.

మరి నీ నుంచి చట్టం ఏం అడుగుతుంది? 10వ సెక్షన్‌లో రాసి ఉంది. భారత పౌరుడై ఉండాలి. 18 ఏళ్లు నిండి ఉండాలి, 65 నిండకూడదు. నడవడిక గురించి ఏజెన్సీకి నమ్మకం కలగాలి. చెప్పిన శిక్షణ పూర్తిచేయాలి. శరీర దారుఢ్యం కొలతలకు సరిపోవాలి. ఇంతే. గమనించారా, పదో తరగతి పాసవ్వాలని ఈ సెక్షన్‌లో ఎక్కడా లేదు. కొన్ని శిక్షణ కోర్సులు, కొన్ని కంపెనీలు పది అడుగుతాయి. అది వాళ్ల షరతు. "చట్టమే ఒప్పుకోదు" అని ఎవరైనా అంటే, ఏ సెక్షనో చూపించమని అడగండి.

ఇప్పుడు ఒక్కోటీ విప్పి చూద్దాం. ఎందుకంటే కాగితం మీద అందరికీ ఒకటే అనిపించే షరతు, మన కాలనీ దాకా వచ్చేసరికి గోడ అవుద్ది.

మొదటిది వయసు, పౌరసత్వం. అంటే కాగితాలు. పుట్టిన తేదీ కాగితం, ఆధార్, చిరునామా. మన యానాది కుటుంబాల్లో గుంటల కాడా, తోటల కాడా కాపురం ఉంటా, పని ఎటు ఉంటే అటు పొయ్యేవాళ్లు ఎంతమంది! పిల్లాడు గుంట గట్టు మీద పుట్టాడు, పుట్టిన తేదీ ఎవరు రాయించారు? ఉద్యోగం వచ్చినప్పుడు చూసుకుందాంలే అనుకుంటే అప్పటికి ఆలస్యం అవుద్ది. మీ కాలనీలో 15 ఏళ్లు దాటిన ప్రతి పిల్లాడికీ, పిల్లకీ పుట్టిన తేదీ సర్టిఫికెట్టు, ఆధార్, ఎస్టీ కుల ధ్రువీకరణ ఉన్నాయా లేవా అని ఒక నోటుబుక్కులో రాసుకోండి. లేనివాళ్ల పేర్లు పట్టుకోని సచివాలయానికి ఒక్కరుగా కాదు, పదిమంది కలిసి పోండి. ఒక్కడు పోతే "రేపు రా" అంటారు. పదిమంది పోతే కుర్చీ వేస్తారు.

రెండోది శిక్షణ. చట్టం కింద కేంద్రం 2006లో నమూనా నియమాలు రాసింది. రాష్ట్రాలు వీలైనంత వరకు వాటికి తగ్గట్టే తమ నియమాలు రాసుకోవాలి. ఆ నమూనా ప్రకారం శిక్షణ 160 గంటలు. 100 గంటలు తరగతిలో, 60 గంటలు బయట. కనీసం 20 పని దినాలు. మిలిటరీలోనో పోలీసులోనో చేసి వచ్చినవాళ్లకు మాత్రం పొట్టి కోర్సు ఉంది. 2020 డిసెంబరులో కేంద్రం ఈ నమూనాను మళ్లీ రాసింది కాబట్టి, చేరేటప్పుడు మన రాష్ట్రంలో అప్పటికి అమల్లో ఉన్న నియమాలు చూసుకోవాలి.

ఆ 20 రోజుల్లో ఏం నేర్పాలో కూడా రాసి ఉంది. మంటలు ఆర్పడం, ప్రథమ చికిత్స, జనాన్ని అదుపు చేయడం, గుర్తింపు కార్డులు పరిశీలించడం, బాంబులాంటి అనుమానపు వస్తువుల్ని గుర్తుపట్టడం. ఇంకోటి కూడా ఉంది, బాగా వినండి. ఆత్మరక్షణ హక్కు అంటే ఏమిటి, పోలీస్ స్టేషన్లో ఎఫ్‌ఐఆర్ ఎట్లా నమోదు చేయించాలి అనేది కూడా ఈ శిక్షణలో భాగమే. మన కాలనీలో స్టేషన్ మెట్లెక్కాలంటే భయపడే మనిషికి, ఎఫ్‌ఐఆర్ ఎట్లా రాయించాలో నేర్పడం చట్టం ప్రకారం ఏజెన్సీ బాధ్యత! ఒక కాలనీ నుంచి ఐదుగురు ఈ శిక్షణ నిజంగా పూర్తి చేశారనుకోండి, ఆ కాలనీకి ఐదుగురు గార్డులే కాదు, స్టేషన్లో నిలబడి మాట్లాడగల ఐదుగురు మనుషులు తయారైనట్టు.

కానీ జరిగేదేంది? చాలాచోట్ల యూనిఫాం చేతిలో పెట్టి, సాయంత్రానికి గేటు దగ్గర నిలబెడతారు. శిక్షణ లేదు, సర్టిఫికెట్టు లేదు. లేదంటే శిక్షణ ఫీజు అని మొదటి నెల జీతంలో పట్టుకుంటారు. 9వ సెక్షన్ చూడండి. తన గార్డులకు శిక్షణ అందేట్టు చూసుకోవాల్సింది ఏజెన్సీయే. 9, 10 సెక్షన్లు తప్పితే 25 వేల దాకా జరిమానా, దానికి తోడు లైసెన్సు సస్పెండు కావచ్చు, రద్దూ కావచ్చు. శిక్షణ లేకుండా నిన్ను మంటల ముందు నిలబెడితే తప్పు నీది కాదు.

మూడోది కొలతలు. 2006 నమూనా నియమాల్లో మగవాళ్లకు ఎత్తు 160 సెంటీమీటర్లు, ఆడవాళ్లకు 150. మగవాళ్లకు ఛాతీ 80 సెంటీమీటర్లు, ఊపిరి పీలిస్తే ఇంకో 4 పెరగాలి. ఆడవాళ్లకు ఛాతీ కొలత లేదు. ఒక కిలోమీటరు ఆరు నిమిషాల్లో పరిగెత్తాలి. రంగులు గుర్తుపట్టాలి, చెవులు బాగా వినపడాలి. అద్దాలు పెట్టుకుని చూపు సరిగా ఉన్నా చాలు. ఇంగ్లీషు అక్షరాలు, అంకెలు చదవగలగాలి. ఏడాదికోసారి వైద్య పరీక్ష చేయించాలి.

కిలోమీటరు పరుగు మనకో లెక్కా! కయ్యల గట్ల మీద ఎలక వెంట పరిగెత్తిన కాళ్లు ఇవి. చెల్లెళ్లూ, మీకూ చెప్తున్నా. ఆసుపత్రుల్లో, ఆడపిల్లల హాస్టళ్లలో, షాపింగ్ మాల్స్‌లో ఆడవాళ్లను తనిఖీ చేయడానికి ఆడ గార్డులే కావాలి. ఇది మగవాళ్ల పని అనుకోవద్దు.

చిక్కంతా ఎత్తు దగ్గరే. తరతరాలుగా అరకొర తిండి తిన్న జాతి బిడ్డల్ని ఆ లోపం లేనివాళ్లతో ఒకే టేపుతో కొలిస్తే, కొలిచేది ఎత్తునా, ఆకలినా? పోలీసు కానిస్టేబుల్ నియామకాల్లో ఏజెన్సీ ప్రాంత గిరిజనులకు ఎత్తులో సడలింపు ఇస్తున్నారు. నెల్లూరు జిల్లాలో షెడ్యూల్డ్ ఏరియా లేదు. 2011 జనాభా లెక్కల్లో ఉమ్మడి రాష్ట్రంలో యానాదులు 5 లక్షలు దాటారు. అంత పెద్ద జాతి మైదానంలో, ఊరి చివర, కాలవ గట్టున ఉంది కాబట్టి ఆ సడలింపు మన దాకా రాదు. దీన్ని గట్టిగా అడగాలి. మైదాన ప్రాంత గిరిజనులకు కూడా గార్డు కొలతల్లో సడలింపు ఇవ్వమని రాష్ట్ర హోం శాఖను అడగాలి. నియమాలు రాసేది రాష్ట్రమే కాబట్టి ఇది అడగగలిగిన కోరికే.

ఇక నాలుగోది. అసలు నేను ఇక్కడికి వచ్చింది దీనికోసమే. నడవడిక.

10వ సెక్షన్‌లో చిన్న మాటే అది. దరఖాస్తు ఫారం నింపుతావు, నివాసం ఎక్కడో రాస్తావు, పోలీసు రికార్డుల్లో నీ పేరుందేమో చూస్తారు, మీ చుట్టుపక్కల అడుగుతారు. వేరే కుర్రాడికి ఇది ఒక మామూలు సంతకం. మన కుర్రాడికి మాత్రం ఫారం కంటే ముందే కాలనీ పేరు స్టేషన్‌కు చేరి ఉంటుంది. ఎందుకు?

1871లో ఇంగ్లీషువాళ్లు నేరస్థ జాతుల చట్టం చేశారు. 1911లో దాన్ని మద్రాసు రాష్ట్రానికి తెచ్చారు. మన నెల్లూరు అప్పుడు మద్రాసులోదే. ఎరుకల వాళ్లను ఆ చట్టం కింద పెట్టారు. యానాదుల మీదా అదే ముద్ర పడింది. ఒక మనిషి దొంగతనం చేశాడా లేదా అని చూడలేదు, ఏ కడుపున పుట్టాడో చూశారు. వేలిముద్రలు తీశారు. ఊరు దాటాలంటే అనుమతి, స్టేషన్లో హాజరు. కావలిలో, బిట్రగుంట దగ్గర కప్పరాళ్లతిప్పలో, బాపట్ల దగ్గర స్టూవర్టుపురంలో సెటిల్‌మెంట్లు పెట్టి కాపలా కాశారు. నెల్లూరు నుంచి వెన్నెలకంటి రాఘవయ్య గారిలాంటి వాళ్లు యానాదుల కోసం ఏళ్ల తరబడి కొట్లాడారు. 1947లో మద్రాసు రాష్ట్రంలో, 1952 ఆగస్టు 31న దేశమంతటా ఆ చట్టం పోయింది.

చట్టం పోయింది. అనుమానం పోయిందా? పక్క ఊర్లో మోటారు పోతే ముందు ఎవరి కాలనీకి వస్తారో మీకు నేను చెప్పాలా?

ఇందులో విచిత్రం ఏందంటే, అదే నెల్లూరు సీమలో ఊరి కాపలా యానాది చేతిలో ఉండేదని ఆ వలస కాలం పుస్తకాలే రాశాయి. చేను, కళ్లం, తోట అన్నీ మనవాళ్ల కాపలాలోనే ఉండేవి. ఈరోజుకీ రొయ్యల గుంటల కాడ రాత్రంతా టార్చిలైటు పట్టుకోని తిరిగేది ఎవరు? నిమ్మతోటలో పాకేసుకోని ఉండేది ఎవరు? లక్షల రూపాయల రొయ్యను మనకు అప్పజెప్పి యజమాని ఇంటికి పోయి నిద్రపోతాడు. అప్పుడు మన నడవడిక మీద ఎవరికీ అనుమానం రాదు. అదే పనికి యూనిఫాం, కార్డు, పి.ఎఫ్. వచ్చేసరికి "వెరిఫికేషన్ కావాలి" అంటారు. కాపలా తక్కువ కూలికి అయితే నమ్మకం ఉంది, సరైన జీతానికి అయితే నమ్మకం లేదు. ఈ లెక్క మనం ఒప్పుకోకూడదు.

అందుకని చట్టం ఇక్కడ ఎంతవరకు అడ్డం పెట్టిందో కచ్చితంగా తెలుసుకోండి. 10వ సెక్షన్ రెండో భాగం ఏమంటుందంటే, కోర్టు నేరం రుజువై శిక్ష వేసినవాణ్ని, మిలిటరీ, పోలీసులాంటి ఉద్యోగాల నుంచి దుష్ప్రవర్తన కింద తీసేసినవాణ్ని గార్డుగా పెట్టుకోకూడదు. అంతవరకే. అనుమానంతో స్టేషన్‌కు తీసుకుపోయి కూర్చోబెట్టి పంపడం శిక్ష కాదు. కేసు పెట్టడం శిక్ష కాదు. కేసు కొట్టేస్తే అసలే కాదు. మీ నాయన మీద కేసుంటే అది మీ మీద కేసు కాదు. 18 లోపు వయసులో ఏదైనా జరిగి బాలల కోర్టుకు పోయి ఉంటే, 2015 బాలల న్యాయ చట్టం 24వ సెక్షన్ ప్రకారం అది సాధారణంగా జీవితాంతం అనర్హతగా వెంటాడకూడదు. 16 దాటాక ఘోర నేరంలో పెద్దవాళ్లతో సమానంగా విచారించిన కేసులకు మాత్రం మినహాయింపు ఉంది.

ఇంకో రెండు తీర్పులు గుర్తుపెట్టుకోండి. 2024 మే నెలలో అమానతుల్లా ఖాన్ కేసులో సుప్రీంకోర్టు పోలీసుల హిస్టరీ షీట్ల గురించి మాట్లాడింది. వెనకబడిన కులాల్లో, ఎస్సీ, ఎస్టీల్లో పుట్టారన్న కారణంతో అమాయకుల పేర్లు యాంత్రికంగా హిస్టరీ షీట్లలోకి ఎక్కించకుండా చూడాలంది. అదే ఏడాది అక్టోబరు 3న సుకన్య శాంత కేసులో జైళ్లలో కుల వివక్ష మీద తీర్పిస్తా, విముక్త జాతుల వాళ్లను పోలీసులు ఇష్టమొచ్చినట్టు అరెస్టు చేయకుండా చూడాలని చెప్పింది. ఈ రెండు తీర్పుల పేర్లు మీ ఫోనులో రాసి పెట్టుకోండి. వెరిఫికేషన్ ఆగిపోయిందని ఏజెన్సీ అంటే, ఏ కారణంతో ఆగిందో రాతపూర్వకంగా ఇమ్మని అడగండి. ఇవ్వకపోతే పోలీసు శాఖకు సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. మీ గురించిన సమాచారం మీరు అడుగుతున్నారు, భయపడాల్సింది ఏముంది?

ఇప్పటిదాకా వాళ్లు మనల్ని పరీక్షించే సంగతి చెప్పా. ఇక మనం వాళ్లను పరీక్షించే సంగతి.

ఏజెన్సీ ఆఫీసుకు పోగానే గోడ వైపు చూడండి. 12వ సెక్షన్ ప్రకారం లైసెన్సు అందరికీ కనపడేచోట తగిలించాలి. అది ఏ జిల్లాలకు చెల్లుతుందో, తేదీ అయిపోయిందో చూసుకోండి. ఫోనుతో ఒక ఫోటో తీసుకోండి. లైసెన్సు కనపడకపోతే, అడిగినా చూపించకపోతే, అక్కడ డబ్బు కట్టొద్దు, ఒరిజినల్ సర్టిఫికెట్లు అసలు ఇవ్వొద్దు.

చేరాక ఫోటో గుర్తింపు కార్డు ఇవ్వాలి. 17వ సెక్షన్. ఆ కార్డు నువ్వు గార్డువన్న రుజువు. రేపు జీతం ఎగ్గొట్టి "వీడెవడో మాకు తెలీదు" అన్నప్పుడు, డ్యూటీలో దెబ్బ తగిలినప్పుడు ఆ కార్డే మాట్లాడుద్ది. పని మానేటప్పుడు తిరిగి ఇచ్చేయాల్సి ఉంటుంది కాబట్టి, మొదటి రోజే రెండు వైపులా ఫోటో తీసి ఇంట్లో వాళ్లకు పంపించండి.

తర్వాత జీతం. సెక్యూరిటీ పనికి ప్రభుత్వం కనీస వేతనం కడుతుంది. దానిమీద కరువు భత్యం మన రాష్ట్రంలో ఏప్రిల్‌లో ఒకసారి, అక్టోబరులో ఒకసారి మారుద్ది. పన్నెండు గంటల డ్యూటీ వేసి ఎనిమిది గంటల జీతం ఇస్తుంటే, పైన చేసిన నాలుగు గంటలు ఎవరి ఖాతాలో పోతున్నాయి? ఓవర్‌టైమ్‌కు రెట్టింపు కూలి ఇవ్వాలి. లెక్క కోసం నెలకు 12 వేలు జీతం అనుకుందాం. నీ వాటా పి.ఎఫ్. 12 శాతం, అంటే 1,440. ఇ.ఎస్‌.ఐ. ముప్పావు శాతం, అంటే 90 రూపాయలు. మొత్తం 1,530 కోత. దాని కన్నా ఎక్కువ కోస్తే ఎందుకో స్లిప్పులో ఉండాలి. కోసిన డబ్బు నిజంగా కడుతున్నారో లేదో పి.ఎఫ్. నంబరుతో ఫోనులోనే చూసుకోవచ్చు. యజమాని కూడా తన వాటా 12 శాతం పి.ఎఫ్., మూడుంపావు శాతం ఇ.ఎస్‌.ఐ. కట్టాలి. యజమాని వాటాను కూడా నీ జీతంలోంచే కోస్తే అది మోసం.

ఇక్కడ పసారా చట్టం మన చేతికి ఒక కర్ర ఇచ్చింది. చాలామందికి తెలీదు. ఆ చట్టం చివర ఒక పట్టిక ఉంది. అందులో కనీస వేతనాల చట్టం, వేతన చెల్లింపు చట్టం, పి.ఎఫ్., బోనస్, గ్రాట్యుటీ, కాంట్రాక్టు కార్మికుల చట్టం లాంటివి ఉన్నాయి. ఈ పాత చట్టాల జాగాలోకి 2025 నవంబరు 21 నుంచి లేబర్ కోడ్‌లు వచ్చాయి. 13వ సెక్షన్ ప్రకారం, ఆ పట్టికలోని చట్టాలను ఉల్లంఘిస్తే ఏజెన్సీ లైసెన్సునే రద్దు చేయవచ్చు. అర్థమైందా? జీతం తక్కువ ఇచ్చారని లేబర్ ఆఫీసులో పెట్టే ఫిర్యాదు కాపీ ఒకటి, లైసెన్సు ఇచ్చిన హోం శాఖ అధికారికి కూడా పంపాలి. లేబర్ ఆఫీసుకు భయపడనివాడు లైసెన్సు పోతుందంటే భయపడతాడు.

గుంటల కాడ, తోటల కాడ ఉండే అన్నలకూ ఒక మాట. మిమ్మల్ని యజమానే నేరుగా పెట్టుకుంటే మధ్యలో ఏజెన్సీ లేదు కాబట్టి ఈ లైసెన్సు గొడవ మీకు వర్తించదు. కానీ కూలి హక్కు వర్తిస్తుంది. కనీస వేతనం కన్నా తక్కువ ఇచ్చి పని చేయించుకోవడం వెట్టి కిందే లెక్క అని 1982లోనే సుప్రీంకోర్టు ఏషియాడ్ కార్మికుల కేసులో చెప్పింది. అడ్వాన్సు తీర్చేదాకా గట్టు దిగకూడదని కట్టేస్తే అది 1976 చట్టం నిషేధించిన వెట్టి చాకిరీ. కలెక్టరుకో ఆర్డీవోకో ఫిర్యాదు చేయాలి. బాకీ ఉంది గదా అని తల వంచొద్దు. ఆ చట్టం ప్రకారం వెట్టి బాకీ చెల్లదు.

యూనిఫాం వేసుకోబోయే తమ్ముళ్లకు ఇంకో మాట కూడా చెప్పాలి. భుజం మీద బ్యాడ్జీ, జేబులో విజిల్ వస్తాయి. కానీ గార్డు పోలీసు కాదు. పోలీసు, మిలిటరీ యూనిఫాంలా కనపడేది వేసుకుంటే 21వ సెక్షన్ కింద నీకే శిక్ష. ఎవర్నీ కొట్టే హక్కు నీకు లేదు. కళ్లముందు పెద్ద నేరం జరిగితే మామూలు పౌరుడిలాగే పట్టుకోవచ్చు. కొత్త నాగరిక్ సురక్ష సంహిత 40వ సెక్షన్ ప్రకారం ఆరు గంటల్లోపు పోలీసులకు అప్పజెప్పాలి. రేపు నిన్ను ఒక చెరువు గేటు దగ్గర పెట్టి, వల పట్టుకోని వచ్చిన మన యానాది ముసలాయన్ని "కొట్టి తరుము" అంటారు. అప్పుడు నువ్వు ఎవరి వైపు? రిజిస్టరులో రాయి, పైవాళ్లకు చెప్పు, మర్యాదగా ఆపు. చెయ్యి మాత్రం ఎత్తొద్దు. ఎత్తమని చెప్పినవాడు కేసు రోజున నీ పక్కన నిలబడడు. మనల్ని వంద ఏళ్లు అనుమానంతో చూసిన చూపును మనం అద్దెకు తీసుకోకూడదు.

ఆఖరుగా, ఏం చేద్దాం?

నెల్లూరులో యానాదుల కోసమే ఐ.టి.డి.ఏ. ఉంది. అక్కడికి పోయి మూడు అడుగుదాం. ఒకటి, గుర్తింపు ఉన్న సంస్థతో 160 గంటల శిక్షణ మన పిల్లలకు ఉచితంగా, భోజనం వసతితో ఇప్పించాలి. 20 రోజులు కూలి వదులుకుని కూర్చునే స్థోమత మన ఇళ్లలో లేదు. రెండు, జిల్లాలో లైసెన్సు ఉన్న ఏజెన్సీల పేర్లు తెలుగులో రాసి ప్రతి సచివాలయం గోడ మీద అంటించాలి. ఆ కాగితం ఉంటే సగం దళారులు పనిలేక పోతారు. మూడు, వెరిఫికేషన్ ఆలస్యమైన గిరిజన యువత జాబితా తీసుకుని ఎస్పీ ఆఫీసుతో మాట్లాడే బాధ్యత ఒక అధికారికి అప్పగించాలి.

ఇంకో ఆలోచన కూడా మీ ముందు పెడతా. ఏజెన్సీ లైసెన్సు ఒక్క మనిషే తీసుకోవాలని లేదు, కొంతమంది కలిసి కూడా తీసుకోవచ్చు. చట్టంలో రాసిన ఫీజు ఒక జిల్లాకైతే 5 వేలు, ఐదు జిల్లాల దాకా 10 వేలు, రాష్ట్రమంతా అయితే 25 వేలు. ఫీజు ఒక్కటే ఉంటే చాలదు. శిక్షణ ఏర్పాటు ఉండాలి, సూపర్‌వైజర్లు ఉండాలి, నడిపేవాళ్ల పూర్వాపరాలు పరిశీలిస్తారు, మొదటి నెలల జీతాలు ఇచ్చేంత పెట్టుబడి కావాలి. తేలిక కాదు. కానీ ఐ.టి.డి.ఏ. పెట్టుబడి సాయం చేస్తే, ప్రభుత్వ ఆసుపత్రుల్లో, గిరిజన హాస్టళ్లలో కాపలా పని మన సంఘానికే ఎందుకు రాకూడదు? తరతరాలుగా ఊరికి కాపలా కాసిన జాతికి కాపలా కంపెనీ నడపడం చేతకాదని ఎవరంటారు?

అది రేపటి మాట. ఈ రాత్రి చేయాల్సింది చిన్న పని. ఇంటికి పోయి మీ కాగితాలన్నీ బయటికి తీయండి. ఆధార్‌లో పేరు, సర్టిఫికెట్టులో పేరు ఒకటేనా, తేదీ ఒకటేనా చూడండి. తేడా ఉంటే రాసుకోండి. మీ వీధిలో ఇంకో నలుగురివి చూడండి. "గార్డు లైసెన్సు ఇప్పిస్తా, డబ్బు కట్టు" అని ఎవరైనా అంటే, "లైసెన్సు నాకు కాదన్నా, నీకుందా? చూపించు" అనండి.

జై ఆదివాసీ!